దిండిగల్ తాళం, ఆండిపట్టి గోడ

వసంత ఫోను చేసినప్పుడు నేను కొత్తావకాయను జాడీలోకి ఎత్తుతున్నాను. చేతినిండా నూనె. మోచేత్తో స్పీకరు నొక్కి, "చెప్పవే" అన్నాను.

"సుశీ, పాతింటిని తోసేయను చంద్రు జేసీబీకి సెప్పేసినాడు. నిలిచే గోడా, పడే గోడా, నువ్వొచ్చి ఒకతూరి చూడు. నువ్వు సెప్తే ఒప్పుకొంటానన్నాడు. కండిప్పా రావాల."

కండిప్పా అంటే తప్పకుండా అని. వసంత తెలుగులో నాలుగో వంతు అరవం ఉంటుంది. మద్రాసులో లేడీస్ హాస్టల్లో ఇద్దరం ఒకే గదిలో ఉండి చదువుకున్నాం, నేను సివిలింజనీరింగు, ఆమె కామర్సు. వాళ్ళది కోయంబత్తూరు. ఎన్నో తరాల కిందట తెలుగుదేశం నుంచి దక్షిణానికి వెళ్ళి, నల్లరేగడిలో పత్తి పండించి, ఆనక మిల్లులు పెట్టిన కుటుంబం. చంద్రు ఆమె తమ్ముడు. పాతిల్లంటే కోయంబత్తూరు బంగళా కాదు. దానికి ముందు, ఆండిపట్టి దగ్గర పల్లెలో వాళ్ళ ముత్తాతలు కాపురమున్న మట్టీ రాయీ ఇల్లు.

నేను సర్కారు కొలువులో భవనాలు కట్టీ, కూల్చీ రిటైరయ్యాను. ఎన్ని బడులకు 'వాసయోగ్యం కాదు' అని సంతకం పెట్టానో లెక్కలేదు. పెళ్ళి చేసుకోలేదు, దానికి పెద్ద కథేమీ లేదు. ఒంగోలు పక్కన మా పుట్టిల్లు హైవే విస్తరణలో పోయింది. ఇప్పుడు మా వంటింటి మీదుగా లారీలు పోతుంటాయి. బస్సులో అటు వెళ్ళినప్పుడల్లా నేను రెండో వైపు కిటికీలోకి చూస్తాను. అందుకే, ఇల్లు కూలుస్తారన్న మాట వినగానే ఆవకాయ సంగతి పక్కింటావిడకు అప్పజెప్పి, టిక్కెట్టు తీశాను.

ఒంగోల్లో మధ్యాహ్నం కేరళ వెళ్ళే రైలెక్కితే తెల్లారేసరికి కోయంబత్తూరు. స్లీపరు చాలు, జూన్లో ఈరోడు దాటాక గాలి చల్లబడుతుంది. భోజనం మాత్రం ఇంటి నుంచే పట్టుకెళ్ళండి. రైల్లో ఇచ్చిన పులిహోర తిన్నవాణ్ణి చూశాను, పాపం, పొద్దుటిదాకా నీళ్ళు తాగుతూనే ఉన్నాడు.

తిరుప్పూరులో ఒకావిడ ఎక్కి నా పక్కన కూర్చుంది. నేను ఫోనులో మాట్లాడుతుంటే చెవులు రిక్కించి విని, ఆఖరికి అడిగేసింది.

"అక్కా, మీరు తెలుగు బాగా మాట్లాడుతారే! యాడ నేర్చుకొంటిరి?"

"మా అమ్మ దగ్గరండీ" అన్నాను.

"మేమూ అట్లనే" అని సంబరపడిపోయింది. ఆవిడ దృష్టిలో తెలుగంటే ఆ ఊళ్ళ భాష, నేనే ఎక్కడో నేర్చుకుని వచ్చినదాన్ని. నాకు ఒళ్ళు మండాలి గానీ, నవ్వొచ్చింది.

స్టేషనుకు వసంత కారులో వచ్చింది. మనిషి చిక్కిపోయింది. "మొదల కాఫీ తాగుదాము, అప్పురం మాట్లాడుదాము" అంది. ఫిల్టరు కాఫీ బాగుంది, కాస్త చక్కెర తగ్గించి ఉంటే ఇంకా బాగుండేది.

వాళ్ళ బంగళా ఆర్.ఎస్. పురంలో ఉంది. రోడ్డు వైపు భాగం చీరల కొట్టుకు అద్దెకిచ్చారు. కొట్టు పక్క సందులోంచి లోపలికి వెళ్ళేసరికి నేను నోరు తెరిచి నిలబడిపోయాను. పొడుగాటి వరండా, ఎర్ర సిమెంటు నేల పాలిష్ పట్టి పట్టి ముఖం కనబడేంత నునుపు, బర్మా టేకు స్తంభాలు, రంగుటద్దాల కిటికీలు. పొద్దున ఎనిమిది లోపు వెళితే తూర్పు వైపు ఎండ ఆ అద్దాల్లోంచి నేల మీద పడుతుంది. ఆ పేటలో నడుస్తుంటే ఇలాంటివి ఇంకా నాలుగైదు తగులుతాయి. కొన్నిటిలో డాక్టర్లున్నారు, ఒకదాంట్లో పిల్లలకు సంగీతం చెబుతున్నారు. గేటు దగ్గర అడిగితే చాలామంది రమ్మంటారు. అడక్కుండా ఫొటోలు తీస్తే కుక్కను వదులుతారు, అదీ న్యాయమే.

నడిమింట్లో ఒక చిన్న గది ఉంది. తలుపు మీద చెక్కిన చిలకలు, గుమ్మానికి ఇత్తడి రేకు, లోపల పాలరాయి పీట. ఇంతా చేసి, పీట మీద ఇస్త్రీ బట్టలు!

"ఇదేంటే?" అన్నాను.

"పేరంటాలమ్మకు తాత కట్టిన రూము. ఆయమ్మ రాలేదు."

వసంత వాళ్ళ ఇంటివేల్పు ఒకప్పుడు ఆ ఇంటి కూతురే. పురిటికి పుట్టింటికి వచ్చి, అక్కడే పోయింది. పోతూ పోతూ, "నేను ఈడనే ఉంటాను. నన్ను అక్కచెల్లెళ్ళు చూసుకొంటే సాలు" అందట. అప్పటినుంచీ ఆమె గదిలో అడుగు పెట్టే హక్కు ఆ ఇంట పుట్టిన ఆడపిల్లలకే. కోడళ్ళు, మగవాళ్ళు, బయటివాళ్ళు గుమ్మం బయటనుంచి దణ్ణం పెట్టుకోవాలి. తాత బంగళా కట్టినప్పుడు, వస్తావా అమ్మా అని రెండు పక్కలా పువ్వు పెట్టి అడిగారట. కుడి పువ్వు పడితే వస్తానని, ఎడమ పువ్వు పడితే రానని. ఎడమది పడింది. మూడుసార్లు అడిగినా అంతే. ఎంత మిల్లు యజమాని అయితేనేం, ఆడపడుచు రానంటే ఏం చేస్తాడు? అంచేత ఆమె ఆండిపట్టిలోనే ఉండిపోయింది. ఇప్పుడు పడిపోయేలా ఉన్నది ఆ గది గోడే.

సాయంత్రం వసంత నన్ను వాళ్ళ పాత మిల్లు లైన్లకు తీసుకెళ్ళింది. మిల్లు మూతపడి చాలా కాలమైంది, పొగగొట్టం మాత్రం ఉంది. దాని వెనక కూలివాళ్ళకని కట్టిన ఇళ్ళు వరసలు వరసలుగా ఉన్నాయి. ఒక గది, ఒక వంటసందు, ముందు అరుగు. బంగళా చూసిన కంటికి అగ్గిపెట్టెల్లా ఉంటాయనుకున్నాను గానీ, ప్రతి అరుగు మీదా తులసో, కరివేపాకో, పసిపిల్ల గౌన్లో కనబడి మనసు తేలికపడింది.

అక్కడ స్టెల్లా అనే ఆవిడ మమ్మల్ని లాక్కెళ్ళి కూర్చోబెట్టింది. ఆసుపత్రిలో ఆయా. వాళ్ళ అవ్వ ఆ మిల్లులో దారం చుట్టేదట. గోడకు శిలువ, దాని కింద పాటల పుస్తకం. తెరిచి చూస్తే అక్షరాలు అరవం, కూడబలుక్కుని చదివితే పాట తెలుగు.

"తెలుగు చదవను రాదుక్కా. పాడను వస్తాది. దేవునికి ఏ అక్షరమైతే ఏమి, వింటాడు గదా" అని ఒక చరణం పాడింది. గొంతు కంచు. తర్వాత వసంతతో, "పాపమ్మా, మీ ఆండిపట్టి ఇల్లు తోసేస్తారా? మా అవ్వగూడ ఆ ఊరే గదా. ఆ ఇల్లు ఉంటేనే, మేము ఆ ఊరోళ్ళమని సెప్పుకొను ఒక గురుతు" అంది.

వసంత తిరిగి వచ్చేటప్పుడు కారులో కళ్ళు తుడుచుకుంది.

మర్నాడు ఏడింటికి సింగానల్లూరు బస్టాండులో మదురై బస్సెక్కి దిండిగల్లో దిగాం. నాలుగు గంటలు పట్టింది. దారిలో ధారాపురం దాటాక కొబ్బరితోటలు, ఎర్రనేల, గాలి. ఒడ్డన్‌సత్రంలో కూరగాయల లారీలు అడ్డం పడి బస్సు ఆగితే, కండక్టరు దిగి ఒక వంకాయల బుట్ట కొనుక్కుని వచ్చాడు. ఎవరూ ఏమీ అనలేదు.

దిండిగల్లో దిగితే రెండు పనులు చెయ్యాలి. ఒకటి బిర్యానీ. సన్నబియ్యం కాదు, చిట్టి బియ్యం. మిరియం ఘాటు ముక్కుకు తగులుతుంది, మన బిర్యానీ అనుకుని తినకండి, వేరే వంటనుకుని తినండి, అప్పుడు బాగుంటుంది. రెండోది తాళం. చేత్తో చేసిన తాళాలకు ఆ ఊరు పేరు. మా ఫ్లాటు తలుపుకు బాగుంటుందని నేనొక ఇత్తడి తాళం కొన్నాను. గుప్పెట్లో పట్టనంత లావు, మంచి బరువు, రెండు తాళంచెవులు.

"ఒంటి మనిషికి ఇంత పెద్ద పూట్టా!" అంది వసంత నవ్వుతూ. అక్కడ తాళాన్ని పూట్టంటారు. రెండు రోజుల్లో ఆమె నవ్వడం అదే మొదటిసారి.

మదురై చేరేసరికి సాయంత్రమైంది. స్టేషను ఎదురు సందులో లాడ్జి. గది శుభ్రంగా ఉంది, దుప్పట్లు మాత్రం మీవే తెచ్చుకోండి. మల్లెపూలు కొని, గుడి చుట్టూ నడిచాం. ఆ వీధుల్లో ఇంకా కొన్ని పాత మిద్దెలున్నాయి, కింద పాత్రల కొట్లు, పైన చెక్క పిట్టగోడలు. ఒక కొట్టాయన మేం మాట్లాడుకోవడం విని, "రాండి రాండి, మనోళ్ళేనా?" అని తెలుగులో పిలిచి, రెండు గిన్నెలు అంటగట్టాడు. భాషాభిమానం ఊరికే పోదు.

ఇడ్లీ తింటూ అసలు సంగతి అడిగాను. ఇల్లు పోతే అంత బాధేమిటి, బంగళా ఉంది కదా?

"బాధ నాది కాదు సుశీ, రాజమ్మత్తది. మా నాయన చెల్లెలు. ఆ ఊర్లోనే మునగతోట పెట్టుకొని ఉండాది. 'ఆ గది పోతే నా పుట్టిల్లు పోయినట్లు. ఇంగ మీ ఇండ్లల్లో మెట్టు తొక్కను' అనేసింది. అన్న మాట తప్పే మనిషి కాదు. చంద్రూదీ తప్పు లేదు. ఆడి నెలలో పూజకు ఇంట్లో ఆడపిల్లలంతా ఆ గోడ పక్కనే కూర్చుంటారు. పడితే ఎవరిది పాపం?"

నిజమే. ఇద్దరిదీ న్యాయమే. ఆడి అంటే అటువైపు ఆషాఢం, ఎంతో దూరం లేదు. నేను పచ్చడి వేయించుకోవడం కూడా మర్చిపోయాను.

పొద్దున ఎనిమిది దాటాక మదురై నుంచి తేని వైపు రైలుంది. మీటరు గేజి తీసి పెద్ద పట్టాలు వేశాక మళ్ళీ నడుస్తున్న రైలు. ఎడమ కిటికీ పట్టుకోండి. ఉసిలంపట్టి దాటాక కొండల మధ్యలోంచి పోతుంది. ఆ దారి దిగగానే పొలాల నిండా గాలిమరలు, ఆ రోజు అన్నీ తిరుగుతూ ఉన్నాయి. మా ఎదురు సీటు ముసలాయన గంప నిండా కోడిపిల్లలతో ప్రయాణం చేస్తున్నాడు. అవి అరుస్తుంటే, "సుమ్మా ఇరు, ఊరికే ఉండు, స్టేషను వస్తాది" అని వాటికి ధైర్యం చెబుతున్నాడు.

ఆండిపట్టిలో దిగి ఆటో ఎక్కితే అరగంట. ఊరి పేరు రాయొద్దని రాజమ్మత్త షరతు. కెమెరాలు పట్టుకుని వస్తారని ఆవిడ భయం.

ఆవిడ మోపెడు మీద మాకు ఎదురొచ్చింది. వెనక మునక్కాయల మోపు. డెబ్బైకి దగ్గర పడిన మనిషి, బండి పోనివ్వడంలో మాత్రం ఇరవైలే. ఆగీ ఆగకముందే నన్ను కిందికీ పైకీ చూసి, "ఇంజనీరమ్మవా? గోడ పడదని సెప్పి పో" అంది.

"పడేదైతే పడుతుందనే చెబుతానండీ."

"శరి. నోరుండాది. మొదల నీళ్ళు తాగు."

ఇల్లు చూశాక నాకు వసంత కుటుంబం మొత్తం అర్థమైనట్టనిపించింది. వంగితే గాని పట్టని గుమ్మం, మూరెడు మందం గోడలు, మధ్య ముంగిట వాన పడేలా ఖాళీ, చుట్టూ తాటి దూలాల మీద నాటుపెంకు. ఒక మూల మట్టి గాదె, రుబ్బి రుబ్బి అరిగిన రుబ్బురోలు. బంగళాలోని వరండా, నడిమిల్లు, స్తంభాల వరస అన్నీ ఇక్కడ చిన్నవిగా ఉన్నాయి. తాత కొత్తిల్లు కట్టలేదు, ఈ ఇంటినే టేకుతో మళ్ళీ కట్టించుకున్నాడు.

చంద్రు ముంగిట్లోనే ఉన్నాడు. నలభై ఐదేళ్ళవాడు, మంచివాడిలాగే కనిపించాడు, నిద్ర మాత్రం లేదు. "అక్కా, నా కూతురు ఆ గోడకు ఆనుకొనే కూర్చుంటాది. నేను పాపాత్ముణ్ణి కాదు" అన్నాడు మొదటి మాటగా.

ఇంటి చుట్టూ తిరిగి చూశాను. బయట గోడ అడుగున తడి, ఒకచోట పొడుగు బీట. పైకప్పులో రెండు దూలాలు పుచ్చాయి, అవి మారిస్తే సరిపోతుంది. అసలు రోగం లోపలుంది. పేరంటాలమ్మ గది గుమ్మంలోంచి చూస్తే పడమటి గోడ నడిమిభాగం గదిలోకి ఉబ్బి కనబడుతోంది. లోపల దీపం తప్ప వెలుతురు లేదు. చంద్రు పిలిచిన మేస్త్రీ కూడా ఈ గుమ్మంలో నిలబడే, ఉబ్బు చూసి, పడిపోతుందన్నాడట. వసంత లోపలికెళ్ళి ఫోనుతో తీసింది గానీ, మసీ మంటా తప్ప ఏమీ రాలేదు.

"నేను లోపలికి రావాలి" అన్నాను.

"రాకూడదు" అంది రాజమ్మత్త.

"మరి ఎలా చెప్పను?"

"నేను పోతాను. ఏమి సెయ్యాల్నో సెప్పు."

సరేనని, రోకలి తీసుకుని గోడను మెల్లగా తట్టమన్నాను. ఖంగుమంటే గట్టి, బొద్దుగా పలికితే బోలు. ఆవిడ లోపల, నేను బయట గడపకు చెవి ఒగ్గి. వీపు వెనక చంద్రు, వసంత ఊపిరి బిగబట్టి ఉన్నారు. ముప్పై ఏళ్ళ ఉద్యోగంలో ఇలాంటి తనిఖీ నేను చెయ్యలేదు.

డుబ్బు. డుబ్బు. ఎడమకు జరగమన్నాను. డుబ్బు. పైకి. డుబ్బు. ఒక్కచోటైనా ఖంగుమనలేదు.

"బోలుగా ఉంది" అన్నాను. అబద్ధం నా చేత కాదు.

రాజమ్మత్త రోకలి పట్టుకుని అక్కడే నిలబడిపోయింది. చంద్రు మెల్లగా ఫోను తీశాడు. నాకు పట్టరాని కోపం వచ్చింది, ఎవరి మీదో తెలీదు.

"ఆగవయ్యా! బోలుగా ఉన్నది గోడో, పైన పూతో నాకు ఇంకా తెలీదు. చూడకుండా నేను ఇంతవరకు సంతకం పెట్టలేదు, ఇప్పుడూ పెట్టను. పూత కొట్టి చూడాలి. గోడే వదులైతే తెలియని చెయ్యి గునపం పెడితే మీద పడుతుంది. మీ అత్తనో, వసంతనో పంపి నేను గుమ్మంలో నిలబడనా?"

ఆడపడుచులు పోగలరు గానీ తెలియదు, తెలిసినదాన్ని పోకూడదు. వసంత ఏడుపు గొంతుతో, "పువ్వు అడుగుదామా అత్తా?" అంది.

"అడగను" అంది రాజమ్మత్త. "ఆయమ్మ వద్దంటే ఏం సేస్తువు? కొన్ని అడగకుండా సెయ్యాల." బయటికి వచ్చి నా ఎదురుగా నిలబడింది. "నీకు పుట్టిల్లుండాదా?"

"లేదండీ. రోడ్డులో పోయింది."

"అత్తిల్లు?"

"పెళ్ళే చేసుకోలేదు."

"ఇంగా మంచిది. వేరే ఇంటికి పోనేలేదు గదా. రా, కూర్చో."

ఏం జరుగుతుందో నాకు తెలిసేలోపే పీట వేసింది. కాళ్ళకు పసుపు రాసింది. పెట్టెలోంచి ఒక ఆకుపచ్చ కోయంబత్తూరు చీర తీసి భుజాన వేసి, నా కొంగులో సోలెడు బియ్యం, ఎండు కొబ్బరి, రెండు తమలపాకులు పోసి ముడివేసింది. మా అమ్మ పోయాక నాకు ఎవరూ ఒడి నింపలేదు. మా వైపు మా ఇంట కూతుళ్ళకు పండక్కి పోసేది మా అమ్మ. నేను ఏడ్చాను. సిగ్గుపడకుండా చెబుతున్నాను, బాగా ఏడ్చాను.

"ఇప్పుడు నువ్వు ఈ ఇంటి ఆడబిడ్డవు. ఊరికే కాదు కన్నూ, యేటా ఆడిలో వచ్చి గోడ అలికి పోవాల. రాకుంటే నేనే ఒంగోలుకు వస్తాను. ఇంగ పో, నీ పని సూడు."

చంద్రు నోరెళ్ళబెట్టాడు. "అత్తా, ఇట్ల సేయొచ్చునా?"

"నేను ఇంటి పెద్దాడబిడ్డను. నేను సేస్తిని. ఎవురు అడుగుతారు?" అంది. ఆడబిడ్డ అర్ధమొగుడని ఊరికే అనలేదు పెద్దలు.

లోపలికి వెళ్ళి ముందు దణ్ణం పెట్టుకున్నాను. తర్వాత వసంతను దీపం పట్టుకోమని, కూరగాయల కత్తితో ఉబ్బు పక్కగా అరచెయ్యంత మేర గీసి, మెల్లగా ఎత్తాను. పెళ్ళ ఊడి చేతిలోకి వచ్చింది. బెత్తెడు మందం! పక్కనుంచి చూస్తే ఎర్రమన్ను పొర, సున్నం పొర, మళ్ళీ ఎర్రమన్ను, మళ్ళీ సున్నం. ప్రతి ఆడి నెలలోనూ ఆడపడుచులు పాతది గీకకుండా దాని మీదే అలికారు. గీకడం అపచారమనుకున్నారు. పూజ నీళ్ళు ఆ గోడ మొదట్లోనే పోశారు. తడి ఎక్కి ఎక్కి, ఆ పూత మొత్తం గోడను వదిలి కడుపులా ముందుకు వచ్చింది. భక్తి ఎక్కువై గోడకు ఒళ్ళొచ్చిందంతే.

వెనక చెయ్యి పెట్టాను. చల్లటి రాయి తగిలింది. పైనా కిందా ఇంకో రెండుచోట్ల కోశాను, అక్కడా రాయే. గోడ నిలువు చూసే తూకం గుండు లేదు. నా సంచీలోంచి దిండిగల్ తాళం తీసి, మల్లెపూల దారం పేడు మీద పేడు వేసి కట్టి వేలాడదీశాను. అది ఊగి ఊగి ఆగింది. దారానికీ రాతికీ మధ్య పైనెంత సందుందో కిందా అంతే. ఆ దారం చూసినంత ఆనందంగా నేను పెద్ద పెద్ద యంత్రాల కొలతలు కూడా చూడలేదు.

"చంద్రూ, గోడ నిట్టనిలువుగా ఉంది!" అని అరిచాను. "ఉబ్బింది పూతే. అడుగున తడి ఆపాలి, నీళ్ళు బయటికి పోయేలా తూము పెట్టాలి, బీట పూడ్చాలి, రెండు దూలాలు మార్చాలి. పూత దించేదాకా పిల్లల్ని అటు కూర్చోనివ్వకు. ఇల్లు మాత్రం నీ కూతురి మనవళ్ళదాకా ఉంటుంది. రాసిస్తాను, సంతకం పెడతాను."

అతను గుమ్మంలోనే కూలబడి రెండు చేతులతో మొహం కప్పుకున్నాడు. కాసేపటికి లేచి, జేసీబీ అతనికి ఫోను చేసి వద్దన్నాడు.

రాజమ్మత్త మాత్రం నేను దించిన పెళ్ళను ఒళ్ళో పెట్టుకుని తిప్పి చూస్తోంది. ఒక పొర మీద చిన్న అయిదు వేళ్ళ గుర్తు. అలికాక ఒక్కొక్కరూ చెయ్యి అద్దడం వాళ్ళ ఆనవాయితీ. "ఇది నాదై ఉండాల. లేకుంటే మా అక్కది" అంది. ఆ పొరల్లో ఆవిడ అక్కచెల్లెళ్ళు, మేనత్తలు అందరి చేతులూ ఉన్నాయి. మొత్తం గీకెయ్యాలని చెప్పడానికి నాకు నోరు రాలేదు. ఆవిడే తేల్చింది: "దీపం పక్క జానెడు వదిలేద్దాము. మిగిలింది మేమే గీకుతాము. తిరుప్పూరు, దిండిగల్లు, మదురై, యాడాడ ఉండే ఆడబిడ్డలకంతా ఫోను సెయ్యి వసంతా. మేస్త్రీ బయట నిలిచి సెప్పనీ."

మునక్కాయ సాంబారుతో అన్నం తిన్నాం. రెండోసారి వడ్డిస్తూ, "స్టెల్లా వాళ్ళకు నేనే సెప్తాను, ఇల్లుండాదని" అంది వసంత. రంగు తిరిగింది మనిషికి.

సాయంత్రం రైలుకు మదురై వచ్చి, అక్కణ్ణుంచి మద్రాసు రైలెక్కాను. మద్రాసులో మారి ఒంగోలు బండి పట్టుకోవాలి. మీరు ఆ వైపు వెళితే బంగళాలు చూడండి, లైను ఇళ్ళు చూడండి, వీలైతే పల్లెల్లో మొదటి ఇళ్ళను అడిగి చూడండి. ఒకదాన్ని చూసి ఇంకోదాన్ని వదిలేస్తే సగమే తెలుస్తుంది. భాష చదవడం రాకపోయినా వాళ్ళ ఇళ్ళల్లో తెలుగు ఉంది. గుమ్మం దగ్గర నిలబడి మాట్లాడితే చాలు, లోపలికి పిలుస్తారు.

రైలు సోళవందాన్ దాటుతుండగా ఒడి బియ్యం సర్దుదామని సంచీ తెరిస్తే ఒక తాళంచెవి ఉంది, తాళం లేదు. దానికి తగిలించిన రెండో చెవితో, దారంతో సహా గోడకే వదిలేసి వచ్చాను. ఫోను చేశాను.

"ఉండాది, యాడికి పోతాది?" అంది రాజమ్మత్త. "మన తలవాకిలికి వేస్తిని. మంచి పూట్టు. ఒక తాళంచెవి నా బొడ్డులో ఉండాది. ఇంకొకటి నీ దగ్గర పెట్టుకో. వచ్చినప్పుడు నేను తోటలో ఉంటే, నువ్వే తీసుకొని లోపలికి పో."